స్ట్రాబెర్రీ మడుల నుంచి అక్షరాల పలకల దాకా: జింగా మీద నా రివ్యూ

ముందే చెప్పేస్తాను. జింగా అనే అమెరికా గేమ్ కంపెనీ ఆటల్లో ఇప్పుడు కొత్తగా ఏదైనా ఒక్కటే ఫోన్‌లో పెట్టుకుంటాం అనేవాళ్లు ఇంగ్లిష్ పదాలు పేర్చే ఆట వర్డ్స్ విత్ ఫ్రెండ్స్ పెట్టుకోండి, మిగతావి తర్వాత చూసుకోవచ్చు. ఒకప్పటి ఫేస్‌బుక్ పొలం ఆట ఫార్మ్‌విల్ పేరు విని వచ్చినవాళ్లు మాత్రం కాస్త ఆగి చదవండి, మీరు వెతుకుతున్న ఆ పాత పొలం ఇప్పుడు ఎక్కడా లేదు, ఆ పేరుతో కనిపించేవి వేరే ఆటలు. నేను 2009 నుంచి ఈ కంపెనీ ఆటలు ఆడుతున్నాను, మధ్యలో వదిలేశాను, మళ్లీ మొదలుపెట్టాను, అందుకే ఒక ఆట మీద కాకుండా కంపెనీ మొత్తం మీద రాయాలనిపించింది. వీళ్లు ఎప్పుడు బాగున్నారు, ఎప్పుడు గాడి తప్పారు అని వెనక్కి తిరిగి చూస్తే నాకు ఒకే కొలత కనిపిస్తుంది. ఆటలో అవతల నిజంగా ఒక మనిషి ఉన్నాడా, లేక ఆ మనిషిని లెక్క పెంచుకోవడానికి వాడుకున్నారా?

ఫార్మ్‌విల్‌తోనే మొదలుపెడతాను, ఆ ఆట ఎలా ఉండేదో తెలియని పిల్లలు ఇప్పుడు చాలామంది ఉన్నారు కాబట్టి. ఒక మడి దున్నడానికి 15 నాణేలు. స్ట్రాబెర్రీ విత్తనానికి 10. నాలుగు గంటల్లో కోతకొస్తుంది, అమ్మితే 35 వస్తాయి. అంటే మడికి మిగిలేది 10 నాణేలు. ఇంతే ఆట. కానీ ఆ నాలుగు గంటలు ఆటలో గంటలు కావు, మన గోడ మీది గడియారంలో గంటలు, అసలు కిటుకంతా అక్కడే ఉంది. సమయానికి వచ్చి కోయకపోతే పంట వాడిపోయేది, పెట్టిన నాణేలు పోయేవి. అందుకని మెల్లగా మన రోజే పంటల ప్రకారం మారిపోయేది. పడుకునే ముందు ఎనిమిది గంటల గుమ్మడి వేసేవాళ్లం, పొద్దున పనికి బయల్దేరేముందు పన్నెండు గంటల వరి వేసేవాళ్లం, ఎక్కడికైనా ఊరెళ్లాలంటే మూడు రోజుల గోధుమ వేసి తాళం పెట్టుకుని వెళ్లేవాళ్లం. స్ట్రాబెర్రీ సెలవు రోజు పంట. ఒకసారి రాత్రి పదింటికి పొరపాటున పొలమంతా స్ట్రాబెర్రీ వేసేసి, తెల్లవారుజామున రెండింటికి అలారం పెట్టుకుని లేచి కోశాను, ఆ నిశ్శబ్దంలో మౌస్ క్లిక్ క్లిక్‌మంటూ ఒక్కో మడీ ఖాళీ అవుతుంటే ఎంత తృప్తిగా ఉందో ఇప్పటికీ గుర్తుంది.

మా పిన్ని అప్పట్లో ఇంగ్లిష్ టీచరు. కంప్యూటర్ ఆన్ చేయడం, ఆఫ్ చేయడం తప్ప పెద్దగా తెలియదు. ఫార్మ్‌విల్ కోసమే ఫేస్‌బుక్ అకౌంట్ తెరిచింది, నన్ను పక్క పొలం రైతుగా పెట్టుకుంది, రోజూ వచ్చి నా పంటకు ఎరువు చల్లిపోయేది. ఆ ఆటలో ఒక దృశ్యం ఉండేది, ఎవరు డిజైన్ చేశారో గానీ వాళ్ల చేతికి దండం పెట్టాలి. మీ పొలంలోకి ఎక్కడి నుంచో ఒంటరి గోధుమరంగు ఆవు ఒకటి దారితప్పి వస్తుంది, దిగులుగా నిలబడుతుంది. దాన్ని మీరు ఉంచుకోవడానికి లేదు. మీ స్నేహితుల్లో ఎవరైనా దత్తత తీసుకోవాలి, అందుకు ఆ సంగతి మీ ఫేస్‌బుక్ గోడ మీద పెట్టాలి. ముందుగా చూసి నొక్కినవాళ్లకే ఆవు. పిన్ని ఫోన్ చేసి మరీ "ఒరేయ్, ఆవొచ్చింది, త్వరగా తీసుకో, ఇంకెవరైనా పట్టుకుపోతారు" అనేది. ఇది కంపెనీ ప్రచారమే, నాకు తెలుసు, నా గోడ మీద వాళ్ల ప్రకటన నా చేత్తోనే అంటించారు. అయినా ఆ ఫోన్ కాల్ మాత్రం నిజమే కదా. ఆరు నెలలకోసారి మాట్లాడుకునే మేమిద్దరం రోజూ మాట్లాడుకున్నాం.

ఈ కిటుకు వాళ్లకు ఎలా తట్టిందంటే దానికి ముందు కథ ఉంది. మార్క్ పింకస్ అనే ఆయన 2007లో శాన్‌ఫ్రాన్సిస్కోలో మరికొందరితో కలిసి ఈ కంపెనీ పెట్టాడు. అంతకుముందు ట్రైబ్ అనే సోషల్ నెట్‌వర్క్ నడిపాడు, ఫేస్‌బుక్‌లో మొదట్లోనే డబ్బు పెట్టినవాళ్లలో ఆయనా ఒకడు. కంపెనీకి తన బుల్‌డాగ్ పేరు పెట్టుకున్నాడు, లోగోలో కనిపించే కుక్క బొమ్మ అదే. 2007 మేలో ఫేస్‌బుక్ తన తలుపులు బయటి ప్రోగ్రామర్లకు తెరిచింది, ఎవరైనా లోపల యాప్ పెట్టుకోవచ్చంది. వీళ్లు అందులో పేకాటతో దిగారు. అదే జింగా పోకర్, వాళ్ల మొదటి ఆట, ఇప్పటికీ నడుస్తోంది. 2008లో మాఫియా వార్స్ వచ్చింది, ఒకటే క్లిక్కులు, నాకు అది ఎప్పుడూ ఎక్కలేదు.

2009 జూన్ 19న ఫార్మ్‌విల్ విడుదలైంది. తయారీకి పట్టింది సుమారు ఐదు వారాలు. మైమినీలైఫ్ అని ఇలినాయ్ యూనివర్సిటీ కుర్రాళ్లు కట్టుకున్న చిన్న కంపెనీని జింగా కొనేసింది, వాళ్ల దగ్గర సిద్ధంగా ఉన్న సాంకేతికత మీదే ఈ పొలం లేచింది. ఆలోచన మాత్రం కొత్తదేం కాదు. చైనాలో హ్యాపీ ఫార్మ్ అప్పటికే ఊపేస్తోంది, ఫేస్‌బుక్‌లోనే ఫార్మ్ టౌన్ అనే ఆట వీళ్లకంటే ముందుంది. అయినా జనం వీళ్ల పొలానికే వచ్చారు. రెండు నెలల్లో రోజుకు కోటి మంది. 2010 మార్చి నాటికి నెలకు 8 కోట్ల మందికి పైగా ఆడుతున్నారు. డబ్బు పెట్టేది అందులో కొద్దిమందే, కానీ డబ్బు పెట్టనివాళ్లే డబ్బు పెట్టేవాళ్లకు ఇరుగుపొరుగు, చూసి మెచ్చుకునేవాళ్లు. ఖాళీ ఊళ్లో ఎవరూ భవంతి కట్టుకోరు కదా. హైతీకి సాయం చేయడానికి ప్రత్యేకంగా విత్తనాలు, వస్తువులు అమ్మి పది లక్షల డాలర్లకు పైగా పోగుచేసి పంపింది కూడా ఈ ఆటగాళ్ల చేతే, అది మర్చిపోకూడదు.

ఇక చెడ్డ మాట. అదే 2009 చివర్లో ఈ తరహా ఆటల్లో నడుస్తున్న ఆఫర్ల బాగోతం బయటపడింది. డబ్బు పెట్టకుండా ఆట కరెన్సీ కావాలంటే ఒక క్విజ్ రాయి, ఒక ఉచిత ట్రయల్‌లో చేరు అనేవారు, ఆ క్విజ్ ఫలితం కోసం ఫోన్ నంబరిస్తే నెలనెలా బిల్లు పడేది. మొదట్లో రాబడి కోసం చేయకూడనివన్నీ చేశానని పింకస్ ఒక సభలో తన నోటితోనే చెప్పిన వీడియో అప్పుడే తిరిగింది. గొడవయ్యాక ఆ ఆఫర్లు తీసేశారు. తీసేయడం సరే, అసలు ఎవరి జేబులోంచి పోయాయి ఆ డబ్బులు? ఎక్కువగా డబ్బు పెట్టలేని పిల్లల ఇళ్లలోంచి, అంటే ఆటలో అందరికీ ఇరుగుపొరుగుగా నిలబడిన వాళ్ల నుంచే. నాకు ఇది కంపెనీ చరిత్రలో అన్నిటికంటే మాయని మచ్చ.

2010 డిసెంబర్లో సిటీవిల్ వచ్చింది, నెలా రెండు నెలల్లోనే నెలకు 10 కోట్ల మంది అన్నారు. నేనూ ఆడాను. ఊరు కట్టడం సరదాగానే ఉంటుంది, స్నేహితుడి ఊళ్లో మన కొట్టు బ్రాంచి తెరవచ్చు, అదీ బాగుంది. కానీ ఒక చోట ఆట నాకు చేదెక్కింది. ఏ ప్రభుత్వ భవనం కట్టినా అందులో ఉద్యోగాల్లో స్నేహితులను నింపాలి. ఒక్కో కుర్చీకి ఒక్కో స్నేహితుడు సరే అనాలి, లేదా ఆ కుర్చీకి ఆట కరెన్సీ కట్టి మూసేయొచ్చు. ఆ రెండో దారి చూశాక మనసు విరిగింది. ఆవు వచ్చిందని ఫోన్ చేసిన పిన్ని ఇక్కడ ఒక ఖాళీ గడి, ఆ గడికి ఒక ధర. మేం గేమ్ కంపెనీ వేషం వేసుకున్న డేటా విశ్లేషణ కంపెనీ అన్న అర్థం వచ్చేలా వాళ్ల పెద్ద అధికారి ఒకరు అప్పట్లో అన్నారు. సిటీవిల్ ఆడుతుంటే అది నిజమే అనిపించింది.

అద్దె ఇంటి మీద మేడ కట్టినట్టు అయింది వాళ్ల పని. కట్టింది వీళ్లే, మెట్లు మాత్రం ఫేస్‌బుక్‌వి. 2010లో ఫేస్‌బుక్ ఆటల నోటిఫికేషన్లు ఆపేసింది, గోడల మీద ఆవులు, బాతులు, ఇటుకలు అడిగే పోస్టులను తగ్గించింది. ఆడనివాళ్లకు అవి ఎంత చిరాకో నాకూ తెలుసు, వాళ్ల వైపు న్యాయముంది. దాంతోపాటు ఆటల్లో కొనుగోళ్లు ఫేస్‌బుక్ క్రెడిట్స్ అనే ఫేస్‌బుక్ సొంత కరెన్సీ ద్వారానే జరగాలి, అందులో 30 శాతం ఫేస్‌బుక్‌కు అన్న నియమం వచ్చింది. జింగా అలిగి బయటికి వెళ్లిపోతుందన్న మాట వినిపించింది, చివరికి 2010 మేలో ఐదేళ్ల ఒప్పందం కుదిరింది. ఆ రోజుల్లో ఇద్దరూ ఒకరి మీద ఒకరు ఎంత ఆధారపడ్డారంటే, 2011లో ఫేస్‌బుక్ మొత్తం ఆదాయంలోనే 12 శాతం జింగా వల్ల వచ్చింది. అవతల జింగా ఆదాయమైతే దాదాపు అంతా ఫేస్‌బుక్ దారినే.

2011 డిసెంబరు 16న నాస్‌డాక్ అనే అమెరికా స్టాక్ మార్కెట్‌లో దిగారు, షేరు 10 డాలర్లు, 100 కోట్ల డాలర్లు పోగుచేశారు. మొదటిరోజే షేరు పది కిందికి జారి ముగిసింది. మరుసటి ఏడు చివరికి అది మూడు డాలర్లలోపు. నడమంత్రపు సిరి అంటే ఇదే అని అప్పట్లో చాలామంది అన్నారు గానీ నాకు జాలే వేసింది, ఎందుకంటే లోపల పనిచేసినవాళ్లు నిజంగా మంచి ఆటలు చేయగలిగినవాళ్లు. జనం ఫోన్లకు మారిపోతున్నారు, వీళ్ల ఆటలేమో ఫ్లాష్ అనే పాత బ్రౌజర్ సాంకేతికతలో కంప్యూటర్ తెర మీద ఉండిపోయాయి. కంగారులో 2012 మార్చిలో ఓఎంజీపాప్ అనే ఆటల కంపెనీని సుమారు 18 కోట్ల డాలర్లకు కొన్నారు. డ్రా సమ్‌థింగ్ ఆట కోసం. ఒకరు వేలితో బొమ్మ గీయాలి, అవతలివాళ్లు అదేంటో కనుక్కోవాలి. ఆట ముద్దొచ్చేది, కానీ నెల తిరిగేసరికి అందరూ గీయడం మానేశారు. 2013 జూన్‌లో ఆ ఆఫీసే మూసేశారు, అదే దెబ్బలో కంపెనీ మొత్తం మీద 520 మంది ఉద్యోగాలు పోయాయి.

కాపీ సంగతి కూడా చెప్పాలి, లేకపోతే ఈ రివ్యూ సగమే. 2012లో ముగ్గురే మనుషులున్న నింబుల్‌బిట్ అనే చిన్న స్టూడియో తమ టైనీ టవర్‌నూ, జింగా తెచ్చిన డ్రీమ్ హైట్స్‌నూ పక్కపక్కన బొమ్మలు పెట్టి బహిరంగ లేఖ రాసింది. ఆ బొమ్మలు చూసిన వాళ్లకు ఇంక వాదన అక్కర్లేదు. అదే ఏడు ఆగస్టులో ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ అనే పెద్ద ఆటల కంపెనీ, జింగా తెచ్చిన ద విల్ తమ సిమ్స్ సోషల్ ఆటకు కాపీ అంటూ కోర్టుకెక్కింది, 2013లో రాజీ కుదిరింది. ఆటల్లో ఒకరి నుంచి ఒకరు తీసుకోవడం మామూలే, ఫార్మ్‌విల్ కూడా అలా పుట్టిందే అని పైనే రాశాను. అయితే ఫార్మ్‌విల్‌లో వాళ్లు తమదంటూ ఒక గుణం కలిపారు. డ్రీమ్ హైట్స్‌లో కలిపిందేమీ నాకు కనపడలేదు.

తర్వాతి నాలుగైదేళ్లు త్వరగా దాటేస్తాను. 2013 జులైలో పింకస్ పక్కకు తప్పుకుని మైక్రోసాఫ్ట్ నుంచి డాన్ మాట్రిక్‌ను సీఈఓగా తెచ్చారు, 2014లో నేచురల్‌మోషన్ అనే ఆటల స్టూడియోను 52.7 కోట్ల డాలర్లకు కొన్నారు, 2015లో మాట్రిక్ వెళ్లిపోయాడు, పింకస్ మళ్లీ వచ్చాడు, 2016లో ఫ్రాంక్ గిబో పగ్గాలు తీసుకున్నాడు. నేచురల్‌మోషన్ కొన్నందువల్ల ఆటగాళ్లకు మిగిలింది సీఎస్ఆర్ రేసింగ్. స్టీరింగ్ లేదు, మీటర్ ముల్లు ఆకుపచ్చ గీత దగ్గరికి వచ్చిన క్షణంలో గేర్ నొక్కాలి, అంతే. పది సెకన్లలో రేసు అయిపోతుంది. కార్లంటే ఇష్టమున్నవాళ్లకు రెండో భాగం చూడమంటాను, కార్ల లోపలి కుట్లు కూడా కనిపిస్తాయి. కానీ పెట్రోలు అయిపోయిందని ఆట మధ్యలో ఆపేయడం నాకు నచ్చదు.

గిబో వచ్చాక కంపెనీ నిలబడింది, ఎలా అంటే వేరే స్టూడియోల కొనుగోళ్లతో. ఇస్తాంబుల్‌లో గ్రామ్ గేమ్స్, హెల్సింకీలో స్మాల్ జెయంట్, మళ్లీ ఇస్తాంబుల్‌లో పీక్. పీక్ ఒక్కదానికే 2020లో 180 కోట్ల డాలర్లు పెట్టారు, టూన్ బ్లాస్ట్, టాయ్ బ్లాస్ట్ ఆటల కోసం. అంటే ఈరోజు మీరు జింగా అని ఆడే చాలా ఆటలు శాన్‌ఫ్రాన్సిస్కోలో పుట్టినవి కావు. వీటిలో గ్రామ్ వాళ్ల మెర్జ్ డ్రాగన్స్ నాకు బాగా నచ్చింది. మూడు ఒకేరకం వస్తువులు కలిపితే ఒక మెరుగైన వస్తువు వస్తుంది, ఐదు కలిపితే రెండు వస్తాయి. కాబట్టి తొందరపడి మూడింటితో కలపకుండా ఐదు అయ్యేదాకా ఓపిక పట్టాలి, ఆ ఓపికే ఆట. కొత్తవాళ్లు అందరూ మూడేసి కలిపి దెబ్బతింటారు. టూన్ బ్లాస్ట్ శుభ్రంగా ఉంటుంది, కాలక్షేపానికి బాగుంటుంది, అంతకుమించి చెప్పను.

ఈ లోపు ఒక భవనం కథ. 2012లో కష్టాలు మొదలవుతున్నప్పుడే 22.8 కోట్ల డాలర్లు పెట్టి శాన్‌ఫ్రాన్సిస్కోలో తమ ఆఫీసు భవనం కొన్నారు, పొగరు అన్నారు అందరూ. 2019లో దాన్నే 60 కోట్లకు అమ్మారు. ఆ డబ్బు మళ్లీ స్టూడియోలు కొనడానికి బలమిచ్చింది. చివరికి 2022 జనవరిలో జీటీఏ ఆటల వెనకున్న టేక్-టూ జింగాను కొనడానికి ముందుకొచ్చింది, 1270 కోట్ల డాలర్ల బేరం, మే 23న పూర్తయింది.

2020 డిసెంబరు 31న ఫార్మ్‌విల్ మూతపడింది. ఫేస్‌బుక్‌లో ఫ్లాష్ ఆగిపోతుండటమే కారణం. నవంబరు 17 నుంచే కొనుగోళ్లు ఆపేసి, ఉన్న కరెన్సీ వాడేసుకోమని ముందుగా చెప్పారు, ఈ విషయంలో మాత్రం మర్యాదగా ప్రవర్తించారు. వేరే ఒక కంపెనీ, పేరు అనవసరం, తన ఆట మూసేసేటప్పుడు వారం ముందు కూడా చెప్పలేదు, నేను కొన్న నాణేలు అలాగే పోయాయి. పోల్చి చూస్తే ఇది నయం. ఆ చివరి వారంలో నేను చాన్నాళ్ల తర్వాత పొలం తెరిచాను. చెట్లు మాత్రం అలాగే ఉన్నాయి, ఆ ఆటలో చెట్లు ఎప్పుడూ వాడిపోవు. పిన్ని ఇచ్చిన గోధుమరంగు ఆవు కంచె పక్కన నిలబడి ఉంది. మడులన్నీ ఎండిన పంటతో నల్లగా ఉన్నాయి, దున్ని స్ట్రాబెర్రీ వేశాను. నాలుగు గంటల తర్వాత వచ్చి కోసేశాను.

ఇప్పుడు ఫార్మ్‌విల్ పేరుతో ఉన్న కంట్రీ ఎస్కేప్ 2014 నుంచి ఫోన్లలో ఉంది, ఫార్మ్‌విల్ 3 2021లో వచ్చింది. రెండూ చక్కగా కనిపిస్తాయి. గోధుమ పిండి చేసి, పిండితో ఇంకేదో చేసి, ఆర్డర్లు తీర్చుకుంటూ పోవాలి. ఎవరితోనూ పని లేకుండా ఒంటరిగా ఆడుకోవచ్చు, కొందరికి అదే కావాలేమో. నాకు మాత్రం ఎరువు చల్లే చెయ్యి లేని పొలం పొలంలా అనిపించదు.

ఇక నేను మొదట చెప్పిన వర్డ్స్ విత్ ఫ్రెండ్స్. దీన్ని చేసింది టెక్సస్‌లో న్యూటాయ్ అనే చిన్న స్టూడియో, పాల్, డేవిడ్ బెట్నర్ అనే అన్నదమ్ములు, 2009లో. జింగా 2010 చివర్లో 5.33 కోట్ల డాలర్లకు కొన్నది. కొన్న వాటన్నిటిలో నా లెక్కన ఇదే బంగారం. 15 గళ్లు నిలువు, 15 అడ్డం, చేతిలో ఏడు అక్షరాల పలకలు. ఏడూ ఒకేసారి వాడితే 35 పాయింట్లు అదనం. తొందర లేదు, మీరు పొద్దున పదం పెడితే అవతలివాళ్లు సాయంత్రం పెట్టొచ్చు. పంట వాడిపోదు, అలారం అక్కర్లేదు. అలెక్ బాల్డ్విన్ అనే హాలీవుడ్ నటుణ్ని 2011లో విమానం బయల్దేరుతున్నా ఈ ఆట ఆపలేదన్న గొడవలో విమానం నుంచి దింపేశారు, అంత పట్టు ఉంది దీనికి. ఇందులో స్నేహితుడి బదులు డబ్బు కడతానంటే కుదరదు, అవతల మనిషి లేకపోతే నాకు ఈ ఆటలో రుచే లేదు.

రెండు జాగ్రత్తలు. 2019లో ఈ ఆట ఆడేవాళ్ల వివరాలు హ్యాకర్ల చేతిలో పడ్డాయి, 17 కోట్లకు పైగా అకౌంట్లు. పాత అకౌంట్ ఉన్నవాళ్లు పాస్‌వర్డ్ మార్చకపోతే ఇవాళే మార్చండి, అదే పాస్‌వర్డ్ ఇంకెక్కడైనా వాడి ఉంటే అక్కడా మార్చండి. రెండోది, ఉచిత వెర్షన్‌లో ప్రకటనలు బాగా ఎక్కువ, ప్రతి ఎత్తు తర్వాత ఒకటి అన్నట్టు ఉంటుంది. మీరు రోజూ ఆడేవాళ్లయితే డబ్బు పెట్టి అవి తీసేయించుకోవడమే మేలు, ఆ ఒక్క ఖర్చూ నాకు దండగ అనిపించదు. తెలుగులో ఇలాంటి ఆట వీళ్లు తెస్తే ముందు వరసలో నిలబడి కొంటాను, ఒత్తులూ గుణింతాలూ ఎలా పెడతారో అని ఎన్నోసార్లు ఆలోచించాను కూడా.

పిన్ని రిటైరైంది. ఇప్పుడు మా ఇద్దరి మధ్య ఒకేసారి మూడు ఆటలు నడుస్తున్నాయి, రెండింట్లో ఆవిడదే పైచేయి. నిన్న రాత్రి నా చేతిలో క్యూ మిగిలిపోయింది, యూ లేదు, పది పాయింట్ల అక్షరం పట్టుకుని ఏం చేయాలో తోచక కూర్చుంటే చాట్‌లో మెసేజ్ వచ్చింది, "ఏరా, క్యూ నీ దగ్గరే ఉంది కదూ, పక్కన ఐ చూడు".